పువ్వుల ముమ్మడి వేయించిన రాయి

(గ్రంథాలయ వారోత్సవాల సభలో ఒక రచయిత్రి చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. మైకు కొంచెం కిందికి దించుతావా బాబూ... ఆఁ, చాలు. బళ్ళో ముప్పై ఏళ్ళు చరిత్ర పాఠం చెప్పాను గానీ, ఏ సభలోనూ మైకు నా ఎత్తుకు ఉండగా చూడలేదు.

చరిత్రలో గొప్ప స్త్రీల మీద నవలలు రాయడం గురించి మాట్లాడమన్నారు. "స్త్రీలు" అని బహువచనం వేశారు కరపత్రంలో. నేను ఒక్కావిడతోనే తొమ్మిదేళ్ళుగా వేగుతున్నాను, ఆవిడ గురించే చెప్తాను. రుద్రమదేవి. "ఆవిడ గురించి మాకు తెలియనిదేముంది" అని మీలో సగం మందికి అనిపిస్తూ ఉంటుంది. నేనూ అలా అనుకునే మొదలుపెట్టాను.

నా మొదటి రాత గుర్రంతో మొదలైంది. తెల్లగుర్రం, దాని మీద మగవేషంలో రాకుమారి, చేతిలో కత్తి, వెనక దుమ్ము. నూట నలభై పేజీలు అలాగే పరిగెత్తించాను. ఇంట్లో మా ఆయన చదివి, "బాగుంది, సినిమా చూసినట్టుంది" అన్నాడు. పొగిడాడనే అనుకున్నాను రెండు రోజులు. మూడోరోజు అర్థమైంది. నేను రాసింది నిజంగానే ఎప్పుడో చూసిన సినిమా.

దానికి తోడు ఇంకో పరువునష్టం. ఆ రాతప్రతిని నా పాత విద్యార్థికి చదవమని ఇచ్చాను. ఫోన్ చేశాడు. "టీచర్, ఏడో అధ్యాయంలో బంటు జొన్నరొట్టెలోకి పచ్చిమిరపకాయ కొరుక్కున్నాడు." అవును, కొరుక్కుంటే ఏమైందిరా అన్నాను. "మిరపకాయ పోర్చుగీసువాళ్ళతో కదా టీచర్ వచ్చింది, మీరే చెప్పారు తొమ్మిదో తరగతిలో." (నవ్వులు) అక్కడితో ఊరుకున్నాడా? "పదకొండో అధ్యాయంలో చుట్ట కూడా కాల్చాడు." ఇంక నేను ఫోన్ పెట్టేశాను. కాకతీయుల వంటింట్లో కారం అంటే మిరియం. మొక్కజొన్న లేదు, వేరుశెనగ లేదు, టమాటా లేదు, ఆలుగడ్డ లేదు. మనం ఇవాళ తెలుగువాడి తిండి అనుకునేదాంట్లో సగం ఆమె చూడనే లేదు. వంటింట్లోనే ఇన్ని తప్పులు చేసినదాన్ని, ఆమె మనసులోకి మాత్రం ఎంత ధైర్యంగా దూరిపోయానో చూడండి.

రాతప్రతి అటక ఎక్కింది. రెండేళ్ళు దించలేదు.

దాన్ని మళ్ళీ దింపించింది ఒక రాయి. నల్లగొండ జిల్లా నకిరేకల్ దగ్గర చందుపట్ల అని ఊరుంది. అక్కడ దొరికిన శాసనం. శక సంవత్సరం 1211, విరోధి నామ సంవత్సరం, మార్గశిర మాసం. మన లెక్కలో 1289 నవంబరు 27. పువ్వుల ముమ్మడి అనే ఒకతను, కొలువులో ఉన్న మామూలు బంటు, అక్కడి సోమనాథ దేవుడికి కొంత భూమి దానం చేశాడు. ఎందుకయ్యా అంటే, కాకతి రుద్రమదేవికీ, మల్లికార్జున నాయకుడికీ శివలోకం కలగాలని. అంతే శాసనం.

నేను బళ్ళో పిల్లలకు ఏళ్ళ తరబడి చెప్పింది ఏమిటంటే, రుద్రమ 1295 దాకానో 1296 దాకానో పాలించిందని. పాత పుస్తకాల్లో అలాగే ఉండేది. ఈ రాయి చదివాక చరిత్రకారులు ఆ లెక్క దిద్దుకున్నారు. 1289 నవంబరు చివరినాటికే ఆమె లేదు. మల్లికార్జున నాయకుడు ఆమె సేనాని. ఇద్దరి పేర్లూ ఒకే రాయి మీద, ఒకే పుణ్యం కోసం ఉన్నాయంటే ఇద్దరూ ఒకేచోట, ఒకే పోరులో పోయి ఉంటారని అనుకుంటున్నారు. ఎవరితో పోరు? కాయస్థ అంబదేవుడితో. కాకతీయుల కింద సామంతుడిగా ఉండి ఎదురు తిరిగినవాడు.

ఇప్పుడు అంబదేవుడి వైపు చూడండి. 1290లో అతను త్రిపురాంతకంలో పెద్ద శాసనం వేయించుకున్నాడు. ఎవరెవర్ని ఓడించాడో వరసపెట్టి చెప్పుకున్నాడు. మల్లికార్జునుడి సప్తాంగాలూ హరించానన్నాడు. సప్తాంగాలంటే చేతులూ కాళ్ళూ కావు, రాజ్యానికి ఉండే ఏడు అంగాలు: స్వామి, అమాత్యుడు, జనపదం, దుర్గం, కోశం, దండం, మిత్రుడు. మొదటి అంగం ఏమిటి? స్వామి. అంటే ఏలిక. మల్లికార్జునుడి ఏలిక ఎవరు? ఆ అంగం కూడా పోయిందని చెప్పకుండానే చెప్పాడు. రుద్రమ పేరు మాత్రం ఎత్తలేదు. ఓరుగల్లు సింహాసనం మీద ఉన్న మనిషిని యుద్ధంలో పడగొడితే, అంతకంటే చెప్పుకోదగ్గ గెలుపు ఆ రోజుల్లో ఇంకేముంటుంది? అయినా నోరు మెదపలేదు. ఆడమనిషిని, అందులోనూ మనవడు రాజ్యానికి ఎదిగొచ్చిన వయసు ఆవిడను చంపానని రాతి మీద చెక్కించుకుంటే బిరుదులా ఉండదు, మచ్చలా ఉంటుంది. నా చదువు అది.

దీనికి పాతికేళ్ళ ముందు సంగతి ఒకటుంది. దేవగిరి యాదవ రాజు మహాదేవుడు కాకతీయుల మీదికి వచ్చాడు. వాళ్ళ మంత్రి హేమాద్రి రాసిన ప్రశస్తిలో ఏమంటాడంటే, మా రాజు తెలుగు రాజు ఏనుగుల్నీ వాద్యాల్నీ పట్టుకున్నాడు, రుద్రమను మాత్రం ఆడది కదా అని వదిలేశాడు, అని. మనవైపు కథలేమో ఆవిడే వాళ్ళను దేవగిరి దాకా తరిమిందనీ, కోటి బంగారు నాణేలు కక్కించిందనీ చెప్తాయి. బీదరు కోటలో దొరికిన శాసనం ముక్క మనవైపే మొగ్గుతుంది. అటూ ఇటూ గెలుపు ఎవరిదో తేల్చడం నా పని కాదు. నన్ను పట్టి కుదిపింది ఆ "ఆడది కదా అని" అన్న మాట. ఓడిపోయినా చెప్పుకోవడానికి పనికొచ్చే మాట అది, గెలిచినా పనికొచ్చే మాట అదే. ఒకడు ఆ మాట అని తప్పించుకున్నాడు, ఇంకొకడు అసలు అనకుండా తప్పించుకున్నాడు.

మరి ఆవిడ పోయిందని లోకానికి చెప్పింది ఎవరు? ఒక బంటు. తన ఇంటి పొలంలోంచి, తన పుణ్యంలోంచి.

నా నవల అప్పుడు మళ్ళీ మొదలైంది. ముమ్మడితో.

ఇక్కడ ఒక చిక్కు చెప్పాలి. రుద్రమ పెద్దకూతురి పేరు ముమ్మడమ్మ. ఆవిడ కొడుకే ప్రతాపరుద్రుడు. బంటు ముమ్మడి, రాకుమారి ముమ్మడమ్మ. ఏ నవలా రచయితా కావాలని ఇలా పేర్లు పెట్టుకోరు, పాఠకుడికి తికమక అని. మా ప్రచురణకర్త కూడా బంటు పేరు మార్చమన్నాడు. "రాయి మీద ఉన్న పేరును నేనెట్ల మారుస్తనండీ" అన్నాను. (నవ్వులు) ఇంక "పువ్వుల" అన్నదాని మీద ఆరునెలలు కూర్చున్నాను. ఇంటిపేరనుకుంటే ఒక కథ. వాళ్ళింట్లో ఎవరో గుడికి పూలు కట్టేవాళ్ళనుకుంటే ఇంకో కథ. నా నవలలో వాళ్ళమ్మ పూలు కడుతుంది. అది నేను అల్లింది, అల్లానని ముందుమాటలో చెప్పేస్తాను కూడా. కానీ అతను ఇచ్చిన దానం నేను అల్లలేదు. ఆ తేడా పాఠకుడికి తెలియాలి.

వరంగల్ కోటకు వెళ్ళినవాళ్ళు చేతులెత్తండి... అందరూ వెళ్ళారన్నమాట. తోరణాల దగ్గర ఫొటో దిగి వచ్చేస్తారు, నాకు తెలుసు. ఈసారి వెళ్తే రాతిగోడ లోపలి వైపు చూడండి. తండ్రి గణపతిదేవుడు మొదలుపెట్టిన ఆ గోడను పూర్తి చేయించింది రుద్రమ. లోపలి వైపంతా రాతిమెట్లు. ఒకచోటో రెండుచోట్లో కాదు, గోడ పొడుగునా మెట్లే. ఎక్కడ శత్రువు కనిపిస్తే అక్కడ బంటు నేరుగా పైకి ఎక్కేయడానికి. నేను ఒకరోజు పొద్దున్నే వెళ్ళి ఎక్కాను. కోట లోపల ఇప్పటికీ ఊరుంది, పొలాలున్నాయి, పక్కనే ఎవరో గేదెను కట్టేశారు. నాలుగైదు మెట్లెక్కేసరికి నా మోకాళ్ళు పట్టేశాయి. ఎదురుగా ఉన్న మెట్టు మీద చేయి ఆనించి నిలబడ్డాను. రాయి పొద్దుటిపూట చల్లగా ఉంది, అంచు అరిగి నున్నగా ఉంది. అప్పుడు తట్టింది నాకు. ఇవి దూకుడుగా గుర్రమెక్కే ఇరవై ఏళ్ళ పిల్ల ఆలోచన కాదు. రాత్రిపూట నిద్రపట్టక, గోడ మీద ఏ మూలన మనిషి లేడో లెక్కేసుకునే పెద్దావిడ ఆలోచన. నా రుద్రమ ఆ పొద్దున్న ఆ మెట్టు మీద దొరికింది. గుర్రం దిగి, మోకాలు పట్టుకుని.

మొదటి రాతలో నేను ఆమెను ఎప్పుడూ వయసులోనే ఆపేశాను. మనందరం చేసే పనే అది. బొమ్మల్లో చూడండి, రుద్రమకు ఎప్పుడూ ఇరవై రెండేళ్ళే. గణపతిదేవుడు 1262లో తప్పుకున్నాక 1289 దాకా ఇరవై ఏడేళ్ళు ఏలిన మనిషికి తల నెరవదా?

మగవేషం సంగతికి వస్తాను, ఎలాగూ అడుగుతారు. శాసనాల్లో ఆమె "రుద్రదేవ మహారాజు". తండ్రే ఆమెను రుద్రుడని పిలిచాడంటాడు విద్యానాథుడు తన ప్రతాపరుద్రీయంలో. అంటే పేరు మగది. దీన్నుంచి మనం మీసం దాకా వెళ్ళిపోయాం. నాకేమనిపిస్తుందంటే, ఇది బట్టల సంగతి కంటే కాగితం సంగతి. ఇవాళ కూడా సంతకం చేసే కుర్చీకి ఒక పేరుంటుంది, అందులో కూర్చునేవాళ్ళు ఎవరైనా. "మహారాజు" అనేది ఆ కుర్చీ పేరు. ఓరుగల్లులో ఆమె ఆడమనిషని తెలియనివాళ్ళు ఎవరున్నారు? నిడదవోలు చాళుక్య వీరభద్రుడితో పెళ్ళయింది, కూతుళ్ళున్నారు. సామంతులకు తెలియక ఊరుకున్నారా, తెలిసే ఊరుకోలేకపోయారా? నాటకం దాచిపెట్టడంలో లేదు. అందరికీ తెలిసిన సంగతిని అందరూ నోటితో "మహారాజా" అనాల్సి రావడంలో ఉంది. నా నవలలో ఒక ముసలి సామంతుడు ఆ మాట అనేముందు ప్రతిసారీ గొంతు సవరించుకుంటాడు. అంతే, ఇంకేం చేయడు పాపం.

విదేశీ యాత్రికుడు మార్కో పోలో మోటుపల్లి రేవు గురించి రాశాడు. ఆ రాజ్యాన్ని ఒక రాణి నలభై ఏళ్ళుగా ఏలుతోందనీ, న్యాయం, శాంతి అంటే ఆమెకు ప్రాణమనీ, జనం ఆమెను ఇంతకుముందు ఏ ఏలికనూ ప్రేమించనంతగా ప్రేమిస్తారనీ మెచ్చుకున్నాడు. అక్కడి సన్నబట్ట సాలెగూడులా ఉంటుందన్నాడు. అంతా బాగుంది, ఆమెను చనిపోయిన రాజుగారి భార్యను చేశాడు. కూతురు కదా! మన తర్వాతి కథాగ్రంథాలు కొన్నిట్లోనూ ఇదే పొరపాటు. సింహాసనం మీద ఆడమనిషి కనిపిస్తే, ఈవిడ ఎవరి పెళ్ళామో అని వెతకడం ఇటలీవాడికీ మనకూ ఒకటే అలవాటు. నలభై ఏళ్ళ లెక్క కూడా తప్పే. కానీ ఆ తప్పు నాకు ముద్దొస్తుంది. రేవులో జనం ఎవరో "మేం పుట్టినప్పట్నుంచీ ఆవిడేనయ్యా" అని ఉంటారు, అతను దాన్ని నలభై అని రాసుకుని ఉంటాడు. ఇది నా ఊహ. రాసుకోవడానికి ఎంత బాగుందో చూడండి.

ఆ రేవు మాట వచ్చింది కాబట్టి: అక్కడ 1244లో గణపతిదేవుడు వేయించిన అభయశాసనం ఉంది. గాలివానకు ఓడ విరిగి ఒడ్డుకు కొట్టుకొస్తే, వెనకటి రాజులు సరుకంతా లాక్కునేవాళ్ళు, మేం సుంకం తప్ప ఏమీ తీసుకోం, అని. ఓడ వర్తకులకు ప్రాణం కంటే సొమ్ము తీపి, ఆ సొమ్ము కోసమే వాళ్ళు సముద్రాల మీదికి పోతారని కనికరం చూపిస్తాడు అందులో. రుద్రమ ఇలాంటి మాటలు వినిపించే ఇంట్లో పెరిగింది. కత్తిసాము నేర్చుకుంటున్న రాకుమారిని ఎవరైనా రాస్తారు. ముప్పైకి ఒకటి సుంకమంటే ఏడాదికి ఎంత అని లెక్కేస్తున్న రాకుమారిని నేను రాశాను. పదో అధ్యాయం. విసుగ్గా ఉందని ఇద్దరు చెప్పారు. తీసేయలేదు.

ఇంకోమాట. మనం గొప్ప స్త్రీ అనగానే ఒక్కదాన్నే నిలబెడతాం, చుట్టూ మగవాళ్ళు. ఆ ఇంట్లో అలా లేదు. రుద్రమ మేనత్త మైలాంబ. గణపతిదేవుడి అక్కచెల్లెళ్ళలో ఒకావిడ. బయ్యారంలో ధర్మకీర్తి సముద్రమనే చెరువు తవ్వించి రాయి వేయించింది. చెరువు దానమంటే వంశం చెప్పుకోవాలి కదా, పుట్టింటి వంశం అంతా వెన్న భూపతి దగ్గర్నుంచీ చెప్పించింది. కాకతీయుల తొలి తరాల వరస ఇవాళ మనకు తెలిసిందంటే ముఖ్యంగా ఆ చెరువుగట్టు రాయి వల్లే. అన్న వేయించుకోలేదు, చెల్లెలు వేయించిందో, తమ్ముడు వేయించుకోలేదు, అక్క వేయించిందో, ఏదైనా గానీ, ఆడబిడ్డ పుట్టింటి పేరు నిలబెట్టింది. (చప్పట్లు) ఇంక రుద్రమ చెల్లెలు గణపాంబ, ధరణికోటకు కోడలుగా వెళ్ళి, భర్త బేతరాజు పోయాక ఆ నాడును తానే ఏలింది. యనమదల శాసనం ఆవిడదే. ఆ అక్కాచెల్లెళ్ళిద్దరూ ఒకరికొకరు ఏం కబురు పంపుకునేవాళ్ళో అని నేను చాలా రాత్రులు ఆలోచించాను. ఇద్దరూ ఏలికలే. ఒకావిడను మహారాజు అన్నారు, ఒకావిడను అనలేదు.

మల్కాపురం శాసనం, 1261, ఇప్పటి అమరావతి ప్రాంతం. రాజగురువు విశ్వేశ్వర శివాచార్యుడికి గణపతిదేవుడు మందరం గ్రామం ఇస్తే, రుద్రమ వెలంగపూడి ఇచ్చింది. అంటే ఇప్పటి మందడం, వెలగపూడి. ఆంధ్రప్రదేశ్ సచివాలయం ఉన్న వెలగపూడే! అక్కడ ఫైలు పట్టుకుని తిరిగేవాళ్ళలో ఎంతమందికి తెలుసో ఈ సంగతి. ఆ ధర్మంలో మఠం ఉంది, బడి ఉంది, అన్నసత్రం ఉంది, ఆరోగ్యశాల ఉంది, ప్రసూతిశాల ఉంది. ప్రసూతిశాల! పదమూడో శతాబ్దపు రాతి మీద ఆ మాట చదివినప్పుడు నేను వేలితో మళ్ళీ వెనక్కి వెళ్ళి చదివాను. అది ఎవరి ఆలోచనో శాసనం చెప్పదు. నవలలో నేనూ చెప్పలేదు. ఒక మంత్రసాని ఆ గుమ్మంలో కూర్చుని వేడినీళ్ళు కాగాయో లేదో చూస్తుంది, అంతవరకే రాశాను.

భాష గురించి అడిగారు ఇందాక ఎవరో చీటీ పంపి. నిజమే, పెద్ద తలనొప్పి అది. గ్రాంథికం పెట్టానా, రుద్రమ రేడియో నాటకంలా మాట్లాడుతుంది. ఇవాళ్టి మాట పెట్టానా, "టెన్షన్ పడకు ముమ్మడీ" అంటుందేమోనని భయం. పాల్కురికి సోమన దగ్గరికి పోయాను. జానుతెనుగు అని ఆయనే అన్నాడు కదా. ఆయన ద్విపదల్లోంచి ఇంటి మాటలు, వంటపాత్రల పేర్లు, తిట్లు ఏరుకున్నాను. వాక్యం మాత్రం ఇవాళ్టిదే. మా నాయనమ్మ మాట్లాడినంత పాతది చాలనుకున్నాను. మా నాయనమ్మ "రాజుగారొచ్చిండ్రు" అనే చెప్పేది కథలో, ఏ కాలం రాజైనా.

కవయిత్రి ముద్దుపళని మీద రాయొచ్చు కదా అంటారు కొందరు. రాయొచ్చు. కానీ అక్కడ చిక్కు వేరు. తంజావూరు ప్రతాపసింహుడి కొలువులో ఉన్న ఆవిడ, తానెవరో, తన నాయనమ్మ ఎవరో, తన కవిత్వం ఎంతటిదో తన రాధికాసాంత్వనం కావ్యం మొదట్లోనే తన నోటితో చెప్పుకుంది, తలెత్తి మరీ. ఆ కావ్యాన్ని 1910లో బెంగుళూరు నాగరత్నమ్మ వెతికి అచ్చు వేయిస్తే, మరుసటేడే ప్రభుత్వం దాని మీద పడింది. ప్రకాశం పంతులుగారు మద్రాసులో ప్రధానిగా ఉన్నప్పుడు గానీ నిషేధం పోలేదు. అక్కడ నవలాకారిణి చేయాల్సింది గొంతు కల్పించడం కాదు, ఉన్న గొంతుకు అడ్డురాకుండా పక్కకు తప్పుకోవడం. నాకా వినయం ఇంకా రాలేదు. రుద్రమ అలా కాదు. ఇన్ని శాసనాలున్నాయి, "నేను" అని ఆమె చెప్పుకున్న మాట ఒక్కటీ నాకు దొరకలేదు.

అందుకే ఆమె మనసులోకి నేను వెళ్ళడం మానేశాను. నవల మొత్తంలో ఎక్కడా "రుద్రమ అనుకుంది" అనే వాక్యం ఉండదు. అందరూ ఆమెను చూస్తారు. మంత్రసాని చూస్తుంది, సుంకం లెక్కగాడు చూస్తాడు, గొంతు సవరించుకునే సామంతుడు చూస్తాడు, ముమ్మడి చూస్తాడు. ఆమె మాట్లాడుతుంది, ఆజ్ఞ ఇస్తుంది, ఒకసారి విసుక్కుంటుంది, ఒకసారి మెట్టు మీద మోకాలు రుద్దుకుంటుంది. ప్రేమకథ పెట్టలేదా అని అడుగుతారు. వీరభద్రుడితో ఆమె ఒక రాత్రి భోజనం చేస్తుంది. మిరియాల చారు. మిరపకాయ లేదు. (నవ్వులు)

ఇప్పుడు చివరి అధ్యాయం మీద ఉన్నాను. ముమ్మడి పొలం గట్టు మీద నిలబడ్డాడు. భార్య అడుగుతుంది, ఈ ఏడు చెరువు కింద పారేది ఇదొక్కటే కదా, ఇదే ఇవ్వాలా అని. అతను ఏమన్నాడో నాకు తెలుసు, రాతి మీద ఉంది. ఎలా అన్నాడో మూడు రకాలుగా రాసి కొట్టేశాను. దానికి ముందు ఇంకో అధ్యాయం బాకీ ఉంది. పోరు జరిగిన చోటినుంచి ఓరుగల్లుకు, ప్రతాపరుద్రుడి దగ్గరికి, కబురు వెళ్ళాలి. గుర్రం మీదే వెళ్తుంది, చివరికి నా గుర్రం పనికొచ్చింది. ఆ కబురు మోసుకెళ్ళినవాడికి ఇంకా పేరు పెట్టలేదు.

అధ్యక్షులవారు గడియారం చూస్తున్నారు. ఉంటాను.